జోసెఫ్ ఫూషే

జోసెఫ్ ఫూషే (మే 21, 1759 - డిసెంబరు 26, 1820) ఫ్రాన్సు దేశానికి చెందిన రాజకీయ నాయకుడు, నెపోలియన్ బోనపార్టీ ప్రభుత్వంలో పోలీసు మంత్రి. రాజ్యభద్రత పేరుతో పౌరుల వివరాలను పద్ధతి ప్రకారం సేకరించి, దస్త్రాలుగా భద్రపరచి, అవసరమైనపుడు వాడుకొనే పాలనా విధానానికి మూలపురుషులలో ఒకడిగా ఇతడిని చరిత్రకారులు పేర్కొంటారు. డైరెక్టరీ, కాన్సులేటు, సామ్రాజ్యం, తిరిగి వచ్చిన రాచరికం - ఈ నాలుగు ప్రభుత్వాలలోనూ ఇతడు అదే శాఖను నిర్వహించాడు. సామాన్య కుటుంబంలో పుట్టి, రాచరికాన్ని కూలదోసిన సభలో సభ్యుడై, చివరకు ఒట్రాంటో డ్యూక్ అనే బిరుదు పొందాడు.

బాల్యం, అధ్యాపక వృత్తి

ఫూషే పశ్చిమ ఫ్రాన్సులో లువార్ నది ఒడ్డున నాంట్ నగరానికి సమీపంలోని లె పెల్రాన్ గ్రామంలో జన్మించాడు. తండ్రి వర్తక నౌకలు నడిపే నావికుడు. ఫూషే మాత్రం చిన్నతనంలో బలహీనంగా ఉండేవాడు. అందువలన అతడిని నాంట్‌లోని ఒరేటరీ అనే క్రైస్తవ సంఘపు పాఠశాలలో చేర్చారు. చదువు ముగిసిన తరువాత అదే సంఘంలో చేరి గణితం, భౌతికశాస్త్రం బోధించాడు. నియోర్, సోమూర్, వాందోమ్, జ్యుయీ, అరాస్ పట్టణాలలో పనిచేశాడు. పూర్తిస్థాయి పురోహిత దీక్ష ఎన్నడూ తీసుకోలేదు. అరాస్‌లో ఉన్నపుడు అక్కడి యువ న్యాయవాది మాక్సిమిలియన్ రోబెస్పియర్‌తో పరిచయం ఏర్పడింది.

విప్లవ కాలం

1792లో ఫూషే వివాహం చేసుకొన్నాడు. అదే సంవత్సరం సెప్టెంబరులో జాతీయ కన్వెన్షన్ సభకు ఎన్నికయ్యాడు. మొదట మితవాదుల పక్కన కూర్చున్న ఇతడు 1793 జనవరిలో పదహారవ లూయీ విచారణ ముగిసినపుడు మరణశిక్షకు ఓటు వేశాడు. ఆ ఒక్క ఓటు 23 సంవత్సరాల తరువాత ఇతడిని దేశం నుండి వెళ్ళగొట్టింది.

1793 సెప్టెంబరు 17న కన్వెన్షన్ అనుమానితుల చట్టాన్ని ఆమోదించింది. ప్రవర్తన వలన గాని, పరిచయాల వలన గాని, మాటల వలన గాని, వ్రాతల వలన గాని స్వేచ్ఛకు శత్రువులుగా కనిపించిన వారందరూ ఈ చట్టం ప్రకారం అనుమానితులే. పౌరనిష్ఠ ధ్రువపత్రం ఇవ్వడానికి నిరాకరింపబడిన వారు కూడా అందులోకి వచ్చారు. ప్రతి ఊరిలోని నిఘా సంఘం తన పరిధిలోని అనుమానితుల జాబితా తయారుచేసి, వారిని నిర్బంధించి, వారి కాగితాలకు ముద్ర వేయాలి. నేరం రుజువు కావలసిన పని లేదు, జాబితాలో పేరు ఉంటే చాలు. జాబితాకు ఉన్న ఈ బలాన్ని ఫూషే మరచిపోలేదని ఇతని తరువాతి జీవితం చూస్తే అర్థమౌతుంది.

కన్వెన్షన్ ప్రతినిధిగా నెవేర్, మూలాన్ ప్రాంతాలకు వెళ్ళిన ఫూషే అక్కడ చర్చిల వెండి బంగారాలను స్వాధీనం చేసుకొని, మత చిహ్నాలను తొలగింపజేశాడు. అనంతరం కొలో దెర్బువాతో కలిసి లియోన్ నగరానికి వెళ్ళాడు. విప్లవ ప్రభుత్వంపై తిరగబడిన ఆ నగరం 1793 అక్టోబరులో లొంగిపోయింది. గిలెటిన్ పని నెమ్మదిగా సాగుతున్నదని భావించి డిసెంబరు 4న 60 మందిని, మరుసటి రోజు 200 మందికి పైగా ఖైదీలను బ్రొత్తో మైదానానికి తీసుకువెళ్ళి ఫిరంగులతో, తుపాకులతో చంపించారు. ఆ శీతాకాలంలో లియోన్‌లో మరణశిక్ష పొందిన వారి సంఖ్య 1,800 దాటింది. దీనికి ఫూషే ఒక్కడే బాధ్యుడు కాడు, కాని ఆదేశాల మీద ఇతని సంతకం ఉన్నది.

1794 వేసవిలో రోబెస్పియర్ ఇతడిని జాకోబిన్ క్లబ్బు నుండి బహిష్కరింపజేశాడు. ఇక తరువాతి శిరస్సు తనదేనని గ్రహించిన ఫూషే ఇంట్లో పడుకోవడం మానివేసి, రాత్రిళ్ళు సభ్యుల ఇళ్ళకు వెళ్ళి వారి పేర్లు కూడా రోబెస్పియర్ వద్ద ఉన్న జాబితాలో చేరాయని చెప్పసాగాడు. అటువంటి జాబితాను ఎవరూ చూడలేదు. జులై 27న రోబెస్పియర్ పతనానికి ఈ భయం కూడా ఒక కారణం. ఆ నెలలలోనే ఫూషే పసికూతురు మరణించింది. అయితే రోబెస్పియర్ పతనం ఇతనికి వెంటనే మేలు చేయలేదు. 1795లో అరెస్టు ఉత్తర్వు వచ్చింది, తరువాత క్షమాభిక్షతో బయటపడ్డాడు. కొన్ని సంవత్సరాలు పేదరికంలో గడిపాడు. డైరెక్టరీ ప్రభుత్వంలో ముఖ్యుడైన బర్రాస్‌కు సమాచారం అందిస్తూ మళ్ళీ పైకి వచ్చాడు. మిలాన్, హేగ్ నగరాలలో రాయబారిగా పనిచేసిన పిమ్మట 1799 జులై 20న పోలీసు మంత్రి అయ్యాడు.

పోలీసు మంత్రిత్వ శాఖ

పోలీసు మంత్రిత్వ శాఖను ఫూషే సృష్టించాడని కొందరు వ్రాస్తుంటారు. అది సరికాదు. ఆ శాఖను డైరెక్టరీ ప్రభుత్వం 1796 జనవరిలోనే ఏర్పాటు చేసింది. ఫూషేకు ముందు మూడున్నర సంవత్సరాలలో పలువురు మంత్రులు మారారు. ఎవరూ దానిని ఒక యంత్రంగా నడపలేకపోయారు.

పదవిలోకి వచ్చిన కొద్ది వారాలకే ఫూషే తన పాత మిత్రులైన జాకోబిన్ల క్లబ్బును మూయించాడు. 1799 నవంబరు 9న బోనపార్టీ కుట్ర జరిపి అధికారం చేజిక్కించుకొన్నపుడు, దానిని ముందే తెలిసికొని కూడా మౌనంగా ఉన్నాడు. ఫలితంగా కొత్త ప్రభుత్వంలోనూ కొనసాగాడు. 1800 జనవరి 17 నాటి ఉత్తర్వు పారిస్‌లో వెలువడుతున్న రాజకీయ పత్రికలలో దాదాపు 60 పత్రికలను నిలిపివేసి 13 పత్రికలను మాత్రమే మిగిల్చింది. మిగిలిన వాటిపై నిఘా పోలీసు మంత్రికి అప్పగించారు. ఫిబ్రవరిలో వచ్చిన చట్టం ప్రతి జిల్లాకు ప్రిఫెక్టును, పారిస్‌కు ప్రత్యేకంగా పోలీసు ప్రిఫెక్టును నియమించింది. దీనితో దేశం నలుమూలల నుండి ఒకే మేజా మీదికి సమాచారం చేరే మార్గం ఏర్పడింది.

జూదగృహాల లైసెన్సు రుసుములు, పాస్‌పోర్టులు, ఆయుధ అనుమతుల ద్వారా వచ్చే రాబడితో ఫూషే శాఖ ఖర్చు చాలావరకు గడిచేది. ఖజానా లెక్కలలోకి పూర్తిగా రాని ఈ సొమ్ము వేగులకు జీతాలుగా వెళ్ళేది. వేగులలో సేవకులు, వర్తకులు, అప్పులలో మునిగిన కులీనులు ఉండేవారు. బోనపార్టీ భార్య జోసెఫిన్ కూడా డబ్బు తీసుకొని ఇంటి సంగతులు చెప్పేదని చాలా గ్రంథాలలో కనిపిస్తుంది.

సాన్ నికేజ్ వీధి పేలుడు

ఫూషే పద్ధతిలోని బలం, అందులోని అన్యాయం రెండూ ఒకేచోట కనబడే ఘటన ఇది.

1800 డిసెంబరు 24 రాత్రి బోనపార్టీ ఒపేరాకు వెళ్తుండగా పారిస్‌లోని సాన్ నికేజ్ వీధిలో బండి మీద పెట్టిన మందుగుండు పీపా పేలింది. బోనపార్టీ బండి అప్పటికే ముందుకు దాటిపోయింది. దారిన పోయేవారు పలువురు చనిపోయారు. కొద్ది నాణేలకు గుర్రపు కళ్ళెం పట్టుకొని నిలబడిన 14 ఏళ్ళ బాలిక వారిలో ఒకతె. ఆమెకు ఆ బండిలో ఏమున్నదో తెలియదు.

ఇది జాకోబిన్ల పనే అని బోనపార్టీ ఆ రాత్రే నిశ్చయించాడు. రాజపక్షీయుల పని అని ఫూషే చెప్పినా వినలేదు. ఫూషే పూర్వం జాకోబిన్ కాబట్టి వారిని కాపాడుతున్నాడని ఆస్థానంలో అందరూ అనుకొన్నారు. పోలీసులు పేలుడులో చచ్చిన ఆడగుర్రపు కళేబరాన్ని భద్రపరచి, నగరంలోని గుర్రపు వ్యాపారులను, నాడాలు కొట్టేవారిని పిలిపించి చూపించారు. ఒక నాడాల పనివాడు తాను కొట్టిన నాడాను గుర్తుపట్టాడు. ధాన్యం వ్యాపారి ఒకడు ఆ గుర్రాన్ని, బండిని తానే అమ్మానని చెప్పి కొన్నవాడి ఆనవాళ్ళు వివరించాడు. ఆ ఆనవాళ్ళు ఫూషే శాఖ వద్ద ఉన్న రాజపక్ష తిరుగుబాటుదారుల దస్త్రాలతో సరిపోయాయి. జనవరి 18న ఫ్రాన్సువా కార్బోన్, పది రోజుల తరువాత సాన్ రెజాన్ పట్టుబడ్డారు. ఏప్రిల్‌లో ఇద్దరికీ మరణశిక్ష అమలైంది. మూడవవాడు లిమొయలాన్ అమెరికాకు తప్పించుకొని అక్కడ మతగురువు అయ్యాడు. ఆధారాల ద్వారా నేరస్థుని గుర్తించే పరిశోధనకు తొలి ఉదాహరణలలో దీనిని చెప్పుకొంటారు.

అయితే ఈలోగా మరొకటి జరిగింది. జాకోబిన్లను శిక్షించవలసిందేనని బోనపార్టీ పట్టుబట్టగా, ఫూషే తన దస్త్రాల నుండి 130 మంది పేర్లతో జాబితా తయారుచేసి ఇచ్చాడు. వారిపై ఏ న్యాయస్థానంలోనూ విచారణ లేదు. శాసనసభలు ఆమోదించవేమోనన్న సంకోచంతో ప్రభుత్వం సెనేట్‌ను ఆశ్రయించింది. రాజ్యాంగాన్ని కాపాడడం సెనేట్ పని కాబట్టి, ఈ చర్య రాజ్యాంగ రక్షణకే అని 1801 జనవరి 5న సెనేట్ తీర్మానించింది. రాజ్యాంగం ఇచ్చిన రక్షణను తీసివేయడానికి రాజ్యాంగ రక్షణ అనే మాటనే వాడారన్నమాట. ఆ తరువాత సెనేట్ తీర్మానం అనే ఈ సాధనాన్ని నెపోలియన్ మళ్ళీ మళ్ళీ ఉపయోగించాడు.

నేరం రాజపక్షీయులదని ఫూషేకు తెలుసు. ప్రవాసులను ఎక్కించుకొన్న ఓడలు బయలుదేరేనాటికి అసలు నేరస్థులు జైలులో ఉన్నారు. అయినా ఓడలు ఆగలేదు. సుమారు 70 మందిని హిందూ మహాసముద్రంలోని సెషెల్స్ ద్వీపాలకు పంపారు. వారిలో 30 మందికి పైగా అక్కడి నుండి కొమొరోస్ దీవులలోని అంజువాన్‌కు తరలింపబడి, ఎక్కువ మంది కొద్ది కాలంలోనే వ్యాధులతో చనిపోయారు. ఫూషే కొన్ని పేర్లను జాబితా నుండి తప్పించాడని ఇతని పక్షాన వ్రాసినవారు చెబుతారు. అది నిజమే కావచ్చు. తప్పించగలిగినవాడే మిగిలిన వారిని ఉంచాడు కూడా.

దస్త్రాలు, రోజువారీ నివేదిక

1802 సెప్టెంబరులో బోనపార్టీ పోలీసు మంత్రిత్వ శాఖను రద్దుచేసి, ఫూషేను సెనేట్ సభ్యునిగా పంపివేశాడు. 1804 ఆరంభంలో కదుదాల్ కుట్ర బయటపడిన పిమ్మట, ఫూషే లేని లోటు తెలిసివచ్చి జులై 10న శాఖను పునరుద్ధరించి అతడినే మంత్రిని చేశాడు. ఇతని పేరు నిలిచిపోవడానికి కారణమైన పని ఎక్కువగా 1804 - 1810 మధ్య జరిగింది.

దేశాన్ని కొన్ని పెద్ద విభాగాలుగా చేసి ఒక్కొక్క దానిని ఒక స్టేట్ కౌన్సిల్ సభ్యునికి అప్పగించారు. కుట్రలకు సంబంధించిన రహస్య విభాగాన్ని దెమారే అనే అధికారి నడిపేవాడు. ఇతడూ పూర్వం మతగురువే. ప్రిఫెక్టులు, ఓడరేవుల కమిషనర్లు, వేగులు పంపే కాగితాలను క్రోడీకరించి ప్రతిదినం ఒక నివేదిక తయారుచేసి చక్రవర్తికి పంపేవారు. యుద్ధభూమిలో ఉన్నా నెపోలియన్‌కు అది చేరేది. ఈ నివేదికలు చదివితే నాటి ఫ్రాన్సు మొత్తం కళ్ళకు కడుతుంది. కుట్రదారుల అరెస్టులు, సైన్యం నుండి పారిపోయినవారు, దారిదోపిడీలు, అగ్నిప్రమాదాలు, ఆత్మహత్యలు, స్టాక్ ఎక్స్చేంజి ధరలు, నాటకశాలలో ప్రేక్షకులు ఎక్కడ చప్పట్లు కొట్టారు, ఏ విందులో ఎవరు చక్రవర్తిని గురించి ఏమన్నారు - అన్నీ ఒకే కాగితం మీద పక్కపక్కనే ఉండేవి. ప్రజాభిప్రాయం తెలుసుకొనేందుకు పత్రికలు, ఎన్నికలు లేనిచోట ఆ పని పోలీసు నివేదిక చేసింది.

పశ్చిమ ప్రాంతంలోని షువాన్లు అనే రాజపక్ష తిరుగుబాటుదారులపై ప్రత్యేకమైన దస్త్రాలుండేవి. ఒక్కొక్కరి పేరు, మారుపేరు, ఆనవాళ్ళు, ఆశ్రయమిచ్చే ఇళ్ళు, తిరిగే దారులు ప్రాంతాల వారీగా నమోదు చేశారు. విప్లవ కాలంలో దేశం విడిచిపోయిన కులీనులకు 1802లో క్షమాభిక్ష లభించినపుడు, తిరిగివచ్చిన వారిని ప్రభుత్వ నిఘాలో ఉంచారు. తాము నివసించే ప్రాంతపు పరిసరాలు దాటి ప్రయాణించాలంటే పాస్‌పోర్టు ఉండాలన్న నిబంధన 1795 నుండే ఉన్నది. 1803లో కార్మికులకు పనిపుస్తకం తప్పనిసరి అయింది. యజమాని దగ్గర నుండి యజమాని దగ్గరకు వెళ్ళే కార్మికుడు అందులో సంతకం లేకుండా కదిలితే దేశదిమ్మరిగా పట్టుకొనేవారు. ఇవన్నీ ఫూషే చేసిన చట్టాలు కావు. కాని విడివిడిగా ఉన్న ఈ కాగితాలు ఇతని యంత్రానికి మేత అయ్యాయి.

ఫూషే కఠినుడని ఉన్న పేరుకు భిన్నంగా, మంత్రిగా ఇతడు ఎక్కువ మందిని బంధించడానికి ఇష్టపడేవాడు కాదు. నోరు తెరచి మాట్లాడేవాడిని జైలులో పెడితే అతని మాటలు వినే అవకాశం పోతుందన్నది ఇతని ఆలోచన. పారిస్‌లోని పాత కులీన కుటుంబాలకు చిన్న చిన్న ఉపకారాలు చేసి వారిని తనకు ఋణపడేటట్లు చేసుకొన్నాడు. దీనిని దయగా పరిగణించడం పొరపాటు. పట్టుకొన్నవాడికంటే పట్టుకొనగలిగివుండీ వదిలిన వాడు ఎక్కువ ఉపయోగపడతాడని ఇతనికి తెలుసు.

ఒక సంగతి ఇక్కడ చెప్పాలి. నెపోలియన్ ఫూషేను కూడా నమ్మలేదు. పోలీసు ప్రిఫెక్టు ద్యుబువా నేరుగా చక్రవర్తికి నివేదించేవాడు. ఉత్తరాలను రహస్యంగా విప్పి చదివే విభాగం తపాలా అధిపతి లవాలెత్ చేతిలో ఉండేది. మోన్సే నాయకత్వంలోని జాందార్మ్ దళం వేరుగా సమాచారం పంపేది. వీరందరూ ఒకరినొకరు గమనిస్తూ ఉండేవారు.

నిర్బంధం, చట్టం

1799 నాటి రాజ్యాంగం 46వ అధికరణం ప్రకారం రాజ్యభద్రతకు ముప్పు కలిగించే కుట్రదారులను ప్రభుత్వం అరెస్టు చేయవచ్చు. కాని పది రోజులలోపు విడుదల చేయకపోయినా, కోర్టుకు అప్పగించకపోయినా ఉత్తర్వు మీద సంతకం చేసిన మంత్రే అక్రమ నిర్బంధ నేరానికి పాల్పడినవాడవుతాడు. 1804లో సామ్రాజ్యం ఏర్పడినపుడు ఏడుగురు సెనేటర్లతో వ్యక్తి స్వేచ్ఛా సంఘాన్ని కూడా నియమించారు. విచారణ లేకుండా పది రోజులకు మించి నిర్బంధింపబడిన వారి విన్నపాలను ఆ సంఘం పరిశీలించాలి, మంత్రికి మూడు సార్లు సూచన చేయాలి, అయినా విడుదల కాకపోతే సెనేట్‌ను సమావేశపరచాలి. సంఘం కొందరిని విడిపించగలిగింది. కాని విషయం సెనేట్ సమావేశం వరకు ఎప్పుడూ వెళ్ళలేదు. రాజ్యాంగంలో ఉన్న తాళం ఎన్నడూ వాడని తాళంగానే ఉండిపోయింది. పోలీసు మంత్రి సంతకంతో నెలలు, సంవత్సరాలు జైలులో గడిపినవారు వందల సంఖ్యలో ఉన్నారు.

1810 మార్చి 3న నెపోలియన్ జారీచేసిన ఉత్తర్వు ఈ అక్రమాన్ని నియమబద్ధం చేసింది. కోర్టులో విచారిస్తే రాజ్యానికి ఇబ్బంది, విడిచిపెడితే ప్రమాదం అనుకొన్న వారికోసం వాన్సెన్, సోమూర్, ఇఫ్ మొదలైన ఎనిమిది చోట్ల రాజ్య కారాగారాలను ఏర్పాటు చేశారు. మంత్రి నివేదికపై చక్రవర్తి ఆంతరంగిక మండలి నిర్ణయించాలి, ప్రతి సంవత్సరం పునఃపరిశీలించాలి. 1789లో బాస్టిల్ కోటను కూల్చిన దేశంలో 21 సంవత్సరాలకు దానికి ఎనిమిది వారసులు వచ్చాయి. ఈ ఉత్తర్వు వెలువడేనాటికి ఫూషే ఇంకా మంత్రిగానే ఉన్నాడు.

పదవీచ్యుతి

1809 వేసవిలో నెపోలియన్ ఆస్ట్రియాలో యుద్ధం చేస్తుండగా బ్రిటిషు సైన్యం డచ్చి తీరంలోని వాల్కెరెన్ ద్వీపంలో దిగింది. అప్పుడు దేశీయ వ్యవహారాలను కూడా తాత్కాలికంగా చూస్తున్న ఫూషే చక్రవర్తి అనుమతికి ఎదురుచూడకుండా జాతీయ రక్షక దళాన్ని సమీకరించాడు. నెపోలియన్ ముందు మెచ్చుకొన్నాడు, ఒట్రాంటో డ్యూక్ బిరుదు కూడా ఆ సంవత్సరమే లభించింది. కాని తాను లేకుండా సైన్యాన్ని లేపగల మంత్రి ఉన్నాడన్న సంగతి మనసులో మిగిలింది. 1810లో ఫూషే ధనికుడైన ఊవ్రార్ ద్వారా బ్రిటనుతో తనంతట తానే రహస్య సంప్రదింపులు జరిపినట్లు బయటపడగానే జూన్ 3న తొలగించాడు.

కొత్త మంత్రి సవారీకి శాఖను అప్పగించడానికి వ్యవధి అడిగిన ఫూషే, ఆ రోజులలో ముఖ్యమైన కాగితాలను కాల్చివేశాడు, కొన్నిటిని దాచుకొన్నాడు. సవారీకి పనికిరాని దస్త్రాలు మాత్రమే మిగిలాయి. ఎవరు వేగులో కూడా అతనికి తెలియలేదు. నెపోలియన్ తన ఉత్తరాలు తిరిగి ఇమ్మంటే అవి కాలిపోయాయని ఫూషే సమాధానం పంపాడు. తరువాత భయపడి ఇటలీకి పారిపోయి, అమెరికాకు ఓడ ఎక్కబోయి, సముద్ర ప్రయాణం పడక వెనుకకు వచ్చి, దాచిన కాగితాలు అప్పగించి క్షమాపణ పొందాడు. 1812లో భార్య మరణించింది. 1813లో కొంతకాలం ఇల్లిరియా ప్రాంతపు గవర్నరుగా ఉన్నాడు.

1815

నెపోలియన్ ఎల్బా ద్వీపం నుండి తిరిగివస్తున్నపుడు, 1815 మార్చిలో రాజు పోలీసులు ఫూషేను అరెస్టు చేయడానికి వచ్చారు. తోట గోడ దాటి తప్పించుకొన్నాడు. కొద్ది రోజులకే నెపోలియన్ మూడవసారి పోలీసు మంత్రిని చేశాడు. ఆ నూరు రోజులూ ఫూషే ఆస్ట్రియా మంత్రి మెటర్నిక్‌తో కూడా సంబంధం పెట్టుకొన్నాడు. వాటర్లూ యుద్ధం తరువాత నెపోలియన్ సింహాసనం వదులుకోగా, తాత్కాలిక ప్రభుత్వానికి అధ్యక్షుడై, పారిస్‌ను పోరాటం లేకుండా అప్పగించి, పద్దెనిమిదవ లూయీ తిరిగి రావడానికి దారి సుగమం చేశాడు. అన్నగారి మరణశిక్షకు ఓటు వేసినవాడిని తమ్ముడు జులైలో మంత్రిగా నియమించాడు.

ఆ పదవిలో ఫూషే చేసిన ప్రధానమైన పని మరొక జాబితా. నూరు రోజులలో నెపోలియన్‌ను సమర్థించినవారిని శిక్షించేందుకు జులై 24న వెలువడిన రాజాజ్ఞలో 57 పేర్లున్నాయి. 19 మందిని సైనిక న్యాయస్థానానికి, 38 మందిని నిఘా, ప్రవాసాలకు ఉద్దేశించారు. అదే నూరు రోజులలో మంత్రిగా ఉన్నవాడే ఆ పేర్లు సిద్ధం చేశాడు. తాత్కాలిక ప్రభుత్వంలో తన పక్కన కూర్చున్న కార్నో పేరు కూడా అందులో ఉంది. మార్షల్ నే ఆ సంవత్సరం డిసెంబరు 7న తుపాకులకు బలి అయ్యాడు. మరికొందరికి మాత్రం ఫూషే ముందుగానే పాస్‌పోర్టులు, డబ్బు ఇచ్చి తప్పించుకొనే అవకాశం కల్పించాడు.

ప్రవాసం, మరణం

రాజపక్షీయులు ఆధిక్యంలో ఉన్న కొత్త సభ ఇతడిని భరించలేదు. సెప్టెంబరులో పదవి వదిలి డ్రెస్డెన్‌కు రాయబారిగా వెళ్ళాడు. 1816 జనవరి 12న చేసిన చట్టం, రాజు మరణశిక్షకు ఓటు వేసి, నూరు రోజులలో నెపోలియన్ వద్ద పదవి స్వీకరించిన వారిని శాశ్వతంగా దేశం నుండి బహిష్కరించింది. ఫూషే విషయంలో రెండు షరతులూ సరిపోయాయి. విచారణ అవసరం లేదు, సమాధానం చెప్పుకొనే వీలు లేదు. ప్రేగ్, లింజ్ నగరాలలో ఆస్ట్రియా పోలీసుల నిఘాలో నివసించి, చివరకు ట్రియెస్ట్ చేరుకొన్నాడు. 1815లో రెండవ వివాహం చేసుకొన్న భార్య, పిల్లలు వెంట ఉన్నారు. 1820 డిసెంబరు 26న అక్కడే మరణించాడు. మరణానికి ముందు మిగిలిన కాగితాలను కొడుకు చేత కాల్పించాడని చెబుతారు.

కుమారులు తరువాతి కాలంలో స్వీడన్‌లో స్థిరపడ్డారు. ఫెర్రియేర్‌లోని విశాలమైన ఎస్టేటును వారసుల నుండి 1829లో రోత్‌షీల్డ్ కుటుంబం కొన్నది. ఫూషే అస్థికలను 1875లో ఫెర్రియేర్ శ్మశానానికి తరలించారు.

రచనలలో

1824లో ఫూషే జ్ఞాపకాల పేరుతో ఒక గ్రంథం వెలువడింది. అది నకిలీదని కుటుంబం కోర్టుకు వెళ్ళి గెలిచింది. ఇతని కాగితాలు కొన్ని అందులో వాడుకొని ఉండవచ్చునని కొందరు చరిత్రకారుల అభిప్రాయం. నవలాకారుడు బాల్జాక్ ఇతడిని ప్రతిభావంతునిగా చిత్రించాడు. 1901లో లూయీ మాద్లాన్ రెండు సంపుటాల జీవితచరిత్ర, 1929లో స్టెఫాన్ త్స్వైగ్ ప్రసిద్ధ జీవితచరిత్ర వచ్చాయి. త్స్వైగ్ గ్రంథం ఆసక్తికరంగా ఉంటుంది గాని, అందులోని మనస్తత్వ విశ్లేషణ అంతటినీ చరిత్రగా తీసుకోరాదు. ఫూషే ఎన్ని కాగితాలు కాల్చినా, చక్రవర్తికి చేరిన రోజువారీ నివేదికలు ప్రభుత్వ దస్త్రాలలో మిగిలిపోయాయి. ఎర్నెస్ట్ దోత్రీవ్ వాటిని పరిష్కరించి 1908 నుండి సంపుటాలుగా ప్రచురించసాగాడు. ఆ శ్రేణి 1964లో ఐదు సంపుటాలతో పూర్తయింది.